జడ్జిగారి పక్షవాతం

కొక్కేనికి జడ్జి నల్లకోటు బదులు ఆస్పత్రి చొక్కా వేలాడుతుంటే బెల్మీరోకు ఒళ్ళు మండిపోయింది.

రియోలోని ఆ స్టూడియోలో సీరియల్ ఒకపక్క ప్రసారమవుతూనే ఉంటుంది, మరోపక్క రచయిత రాస్తూనే ఉంటాడు. వారానికి ఆరు భాగాల రాతప్రతి ఒక కట్టగా దిగుతుంది. ఎవరు బతకాలో, ఎవరు పోవాలో ఆ కట్టలో తేలుతుంది. అది నటులకంటే ముందు దుస్తుల గదికి చేరుతుంది.

"ఏంటిది నెయూజా? ఇవాళ తీర్పు సీను కదా?"

నెయూజా ముప్పై ఏళ్ళుగా అతనికి వేషాలు తొడుగుతున్న మనిషి. తలెత్తకుండానే చెప్పింది. "పొద్దున్నే కొత్త కట్ట వచ్చిందండీ. జడ్జిగారికి పక్షవాతం, నోరు పడిపోతుందట. తీర్పు ఆయన బదులు, చిన్న జడ్జి వేషం వేస్తున్న ఆ కొత్తమ్మాయి చదువుతుంది."

"ఎవరికొచ్చిందమ్మా ఈ బుద్ధి?"

"ప్రేక్షకుల్ని కొంతమందిని కూర్చోబెట్టి అడుగుతారుగా. మీరు జడ్జిలా లేరన్నారట."

యాభై ఏళ్ళ నటన. ఆ నల్లటి మొహం డ్రైవరులా లేదని మాత్రం ఏనాడూ ఎవరూ అనలేదు. కాపలావాడు, తోటమాలి, బానిస, మళ్ళీ డ్రైవరు. రెండు సినిమాల్లో మంచి వేషాలు దొరికితే పరాయి దేశాల్లో లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. తిరిగొచ్చాక మళ్ళీ కారు తాళాలే చేతిలో పెట్టారు. డెబ్బై నాలుగో ఏట ఈ జడ్జి వేషం వచ్చింది. పేదల గుడిసెలు తగలబెట్టించిన భూస్వామికి శిక్ష వేసే నాలుగు పేజీల తీర్పును రచయిత ముందుగానే రాసిచ్చి మురిపించాడు. మూడు వారాలు బస్సులో, స్నానాలగదిలో, అన్నం ముందు కూడా బెల్మీరో దాన్నే వల్లెవేశాడు. సిగ్గులేని వెధవలు!

సెట్లో మంచం వేశారు. ముక్కుకు గొట్టం పెట్టారు. ముప్పై ఏళ్ళయినా నిండని డైరెక్టర్ రెనాన్ నవ్వుతూ వచ్చాడు.

"చాలా సులువు మాస్టారూ. ఆ అమ్మాయి మీ చెయ్యి పట్టుకుంటుంది, మీరు కళ్ళతోనే కృతజ్ఞత చెప్పాలి. కళ్ళతో నటించడంలో మిమ్మల్ని మించినవాళ్ళు లేరు."

"మాటలివ్వని ప్రతివాడూ నాతో అదే అన్నాడు."

కెమెరా తిరిగింది. అమ్మాయి చెయ్యి పట్టుకుంది. బెల్మీరో ముక్కులో గొట్టం పీకి అవతల పారేసి, మంచం మీద లేచి కూర్చున్నాడు.

"ముద్దాయి నిలబడాలి," అన్నాడు.

గొంతు సెట్టంతా నిండింది. కాలిన గుడిసెలు, పోయిన మనుషుల పేర్లు ఒక్కొక్కటీ చెప్పుకుపోయాడు. రెనాన్ కట్ అన్నాడు. మళ్ళీ అన్నాడు. కెమెరాలన్నీ ఆగిపోయాయి. బెల్మీరో ఆగలేదు. ఆ అమ్మాయి మాత్రం చెయ్యి వదలకుండా వింటూ ఉంది.

రెనాన్ మంచం దగ్గరికి వచ్చాడు. "ఎందుకండీ ఈ గొడవ? ఇందులో ఒక్క ముక్క కూడా జనానికి చేరదు. వచ్చే కట్టలో మిమ్మల్ని చంపేస్తారు."

"చంపుకోమను. జనానికని ఎవడన్నాడు? నీకే చెబుతున్నాను. కదలకుండా అక్కడే నిలబడు, ఇంకా శిక్ష దాకా రాలేదు."