పరినెమ్ కొనుక్కున్న కఫన్

నేను ఒక ముసలమ్మ తన చావు కోసం తానే కొనుక్కున్న తెల్లగుడ్డను. శవానికి చుట్టే నాలాంటి గుడ్డను కఫన్ అంటారు. జావా దీవిలో ఒక మిల్లులో పుట్టాను. నాతోపాటు నేసిన తానులు చొక్కాలై, పరదాలై ఊరూరా తిరిగాయి. నన్ను మాత్రం ఆ ముసలమ్మ, పరినెమ్, బజారులో చేత్తో తడిమి చూసి తెచ్చి, కర్పూరం వేసి పెట్టె అడుగున దాచింది. పోయేటప్పుడు ఎవరికీ బరువు కాకూడదని ఆవిడ పట్టుదల. ఆవిడ బతికున్నన్నాళ్లూ నాకు హాయిగా నిద్రే అనుకున్నాను.

ఆవిడ కొడుకు సుతర్నో మోటారు సైకిళ్లు బాగుచేసేవాడు. ఇండోనేషియా అంతా ఫోన్లలో వీడియోలకు అతుక్కుపోతుంటే వీడికీ ఆ పిచ్చి పట్టుకుంది. పాటలు పాడాడు. పచ్చిమిరపకాయలు నమిలి కళ్లనీళ్లు పెట్టుకున్నాడు. చూసిన నాథుడు లేడు. చివరికి దెయ్యం వేషం మీద పడ్డాడు. కఫన్ ముడులు విప్పకుండా పూడిస్తే శవం లేచి గెంతుతుందని అక్కడివాళ్ల నమ్మకం. కొత్త గుడ్డ చుట్టుకుని గెంతితే అది ఫోనులో మెరిసిపోయింది, ఒక్కరూ జడుసుకోలేదు. నిల్వ ఉండి రంగు తిరిగిన గుడ్డ కావాలి. అలా వాడి కన్ను నా మీద పడింది. తల్లికి చెప్పకుండా తీశాడు. పెట్టెలో ఇంకొకటి కొని పెడతాలే అని తనకు తనే నచ్చజెప్పుకున్నాడు.

సాయంత్రం పూట వెదురుపొద మలుపులో, కంచెకు ఫోను ఆనించి, నన్ను నెత్తి నుంచి పాదాల దాకా చుట్టుకుని గెంతాడు. జనం చెప్పులు వదిలేసి పరుగు. లక్షలమంది చూశారు. వాడి సంతోషానికి పట్టపగ్గాలు లేవు. బురదలో ఈడ్చుకుపోతూ నేను సిగ్గుతో చచ్చాను. చావు కోసమే ఉన్నదాన్ని, ఆ మాట అనే హక్కు నాకుందో లేదో.

నాలుగో రోజు ఆ దారిన పరినెమ్ వచ్చింది. వాడి కళ్ల మీద నేనున్నాను కదా, వచ్చిందెవరో పోల్చుకోలేదు. గెంతాడు. ఆవిడ పారిపోలేదు. దగ్గరకొచ్చి నా అంచు వేళ్లతో నలిపి చూసింది. "నాదే," అని వెళ్లిపోయింది.

అమ్మ గొంతు పోల్చుకున్నాకైనా వాడు ఆగాలి కదా? ఆగలేదు. 'దెయ్యానికి జడవని అవ్వ' అని పేరు పెట్టి అదీ వదిలాడు. దేశం పడీపడీ నవ్వింది. మర్నాడు పక్కింటావిడ తన ఫోనులో చూపించింది. పరినెమ్ కొడుకును పిలిచి, ఎంతమంది చూశారని అడిగింది. నలభై లక్షలన్నాడు. గొంతులో కాస్త గర్వం కూడా ఉంది.

"పోయాక నా ఒళ్లు ఎవరి కంటా పడకూడదని కొనుక్కున్నానురా దాన్ని," అంది.

వాడు వీడియో తీసేశాడు. అప్పటికే అది ఎవరెవరి ఫోన్లలోకో పాకింది. నన్ను మూడుసార్లు ఉతికి తీగ మీద ఆరేశాడు. లోపల పెట్టనా అమ్మా అని అడిగితే ఆవిడ వంటింట్లోకి వెళ్లిపోయింది. వారమైంది, ఇంకా తీగ మీదే ఉన్నాను. పరినెమ్ ఇటు వస్తుంది, పోతుంది, నా వైపు చూడదు. రెండు రోజులుగా ఆవిడ దగ్గుతోంది. నాకు భయంగా ఉంది.