గీకిన లేబులు

విశ్రాంతమ్మ మంచిదే. ఆ మాట ముందే అనెయ్యాలి, తర్వాత అనబుద్ధి కాదు.

కారేపల్లి చర్చి సంఘంలో స్త్రీల సమాజానికి పదకొండేళ్ళుగా ఆమే అధ్యక్షురాలు. ఎవరింట కాన్పయినా, చావయినా కొంగు నడుముకు దోపుకుని ముందుండేది. నోరు పెద్దది. పరువు ఇంకా పెద్దది.

ఆమె మనవరాలు ఫ్లోరెన్సుకు ఏడేళ్ళు. మూడో ఏట పట్టుకున్న ఫిట్సు. రోజుకు ఏడెనిమిది సార్లు పిల్ల ఎక్కడ నిలబడితే అక్కడే విరుచుకుపడేది. హైదరాబాదు దవాఖానాలో మూడు రకాల మాత్రలు రాశారు, వేశారు, ఏదీ ఆపలేదు. చివరికి ఖమ్మంలో రాందాసు అనే ఆయుర్వేద డాక్టరు, ఆ హైదరాబాదు డాక్టరుతో ఫోన్లో మాట్లాడి, మాత్రలతో పాటు ఒక నూనె కూడా రాశాడు. పొద్దున, సాయంత్రం నాలుక కింద చుక్కలు. రెండు నెలల్లో ఫిట్సు వారానికి ఒకటికి దిగాయి. పిల్ల పలక మీద తన పేరు సగం దాకా రాయడం నేర్చుకుంది.

నూనె ఇచ్చేనాడు డాక్టరు విశ్రాంతమ్మనూ, కోడలు మహిమనూ ఎదురుగా కూచోబెట్టి చెప్పాడు. "ఇది గంజాయి చెట్టు ఆకుతోని చేసిన నూనె. పూత, బంక అయితే నేరం. ఉత్త ఆకైతే చట్టం దాన్ని గంజాయి అనదు. కానీ లైసెన్సున్న కంపెనీ చేసుండాలె, నేను చీటీ రాయాలె, పాప పేరు మీద కొన్నది పాపకే వాడాలె. ఆ లైసెన్సు నంబరు లేబుల్ మీదుంటది. చీటీ, డబ్బా, సీసా మూడూ ఒక్క సంచిలనే పెట్టుండ్రి. ఏది తప్పినా మీ మాట ఎవరూ నమ్మరు."

మహిమ ప్రతి ముక్కకూ తలూపింది. విశ్రాంతమ్మ మాత్రం గంజాయి అన్న కాడే ఆగిపోయింది. ఆ తర్వాతి మాటలు చెవిన పడ్డాయే గాని తలకెక్కలేదు.

ఆగదా మరి! భద్రాచలం నుంచి ఖమ్మం దాకా ఏ బస్టాండు గోడ చూసినా ఆ ఆకు బొమ్మే, దాని మీద ఎర్రటి కొట్టివేత. అడవిదారి చెక్‌పోస్టుల్లో పట్టుబడ్డవాళ్ళ ఫొటోలు రోజూ పేపర్లో. అదే ఆకు, అయిదు వేళ్ళు చాచుకుని, ఇప్పుడు ఆమె ఇంటి సీసా మీద పచ్చగా కూచుంది.

ఎండాకాలంలో భద్రాచలం అవతల అడవి పల్లెలో మూడు రోజుల ఉజ్జీవ ప్రార్థన సభలు పెట్టారు. సంఘమంతా కిరాయి బస్సు మాట్లాడుకున్నారు. మహిమ భర్త డేవిడ్ కరెంటు లైన్‌మన్, గాలివానల కాలమని సెలవివ్వలేదు. అత్తాకోడళ్ళు పిల్లను తీసుకుని బయల్దేరారు. సభల్లో షామియానా కింద ఆడవాళ్ళంతా ఒకే వరస పడుకుంటారు. దువ్వెన కోసం ఒకరి సంచిలో ఒకరు చెయ్యి పెట్టేస్తారు. విశ్రాంతమ్మకు ఆ ముందు రాత్రంతా ఆ చేతులే కనిపించాయి. తెల్లారి మహిమ పిల్లకు చుక్కలు వేసి అటు పోగానే డబ్బాను పొయ్యిలో తోసింది. సీసాను వేడినీళ్ళలో నానేసి, ఉల్లిపాయల చాకుతో లేబులు గీకి, సబ్బుతో కడిగి, మళ్ళీ సంచిలో పెట్టింది. ఎంత శుభ్రంగా చేసిందో! ఆమె ఏ పనైనా అంతే శుభ్రంగా చేస్తుంది.

సభల దగ్గర సాయంత్రం చుక్కలు వెయ్యబోయి మహిమ బోడి సీసాను అటూ ఇటూ తిప్పి చూసింది. "ఏం పని చేసినవ్ అత్తమ్మా! డాక్టరు అంతగనం చెప్పిండు గదా?"

"అరవకు పిల్లా. తాటిచెట్టు కింద కూసొని పాలు తాగినా కల్లే అంటరు. ఎవరన్నా అడిగితే ప్రార్థన నూనె అని చెప్పు."

మూడో రోజు తిరుగుదారిలో చెక్‌పోస్టు దగ్గర బస్సు ఆపారు. ఎస్సై జైరాం ఎక్కి వరసగా సంచులు చూస్తూ వచ్చాడు. మహిమ సంచిలో సీసా తీసి, మూత విప్పి, వాసన చూసి మొహం చిట్లించాడు.

"ఏందిది?"

"మందు సార్," అంది మహిమ.

"ప్రార్థన నూనె సార్," అంది అదే క్షణాన ముందు సీటు నుంచి విశ్రాంతమ్మ.

జైరాం ఇద్దరినీ మార్చి మార్చి చూశాడు. "సీసా ఒకటే, మాటలు రెండా?"

మహిమ గబగబా చీటీ తీసి ఇచ్చింది. అతను చదివాడు. "చీటీల మందు పేరుంది, పాప పేరుంది. సీసా మీద ఏముంది? ఇది ఆ మందే అని నేనెట్ల నమ్మాలె?" బొటనవేలితో జిగురు మరక తడిమి చూశాడు. "ఇది ఊడింది కాదు, గీకిండ్రు. ఎవరు? ఎందుకు? చూడమ్మా, నాకూ పిల్లలున్నరు. ఉన్నది ఉన్నట్టు చెప్పుండ్రి. గిప్పుడే డాక్టర్‌కు ఫోన్ కొడ్త, రాసుకొని పంపిస్త."

విశ్రాంతమ్మకు అంతకంటే ఏం కావాలి? సంఘమోళ్ళకు తెలుస్తదని భయపడి నేనే గీకిన సార్, ముసలిదాన్ని, తెలియక చేసిన. అంతే, ఇంత ముక్క! కానీ బస్సులో నలభైమంది సంఘంవాళ్ళు మెడలు చాచి వింటున్నారు. ఆ ముక్క అనాలంటే, నా మనవరాలు తాగేది గంజాయాకు నూనె అని వాళ్ళందరి ముందూ అనాలి.

మహిమ అత్తవైపు చూసింది. అరవలేదు, వేలు పెట్టి చూపలేదు. ఊరికే చూసింది, చెప్తుందని. నోట్లో నువ్వుగింజ నానని విశ్రాంతమ్మ, ఆ రోజు కిటికీలోంచి టేకుచెట్లు చూస్తూ కూచుంది. ఛీ, ఏం పరువమ్మా అది!

"నేనే సార్," అంది మహిమ చివరికి.

"ఎందుకు?"

"భయమై."

"మందే అయితే భయమెందుకు?"

దానికి జవాబున్న మనిషి టేకుచెట్లు చూస్తోంది. సీసాకు గుడ్డ చుట్టి లక్క వేశారు. ఆడ కానిస్టేబులు మహిమను దింపి జీపెక్కించింది. "అమ్మా, చుక్కలూ!" అని ఫ్లోరెన్సు ఏడుస్తుంటే బస్సు కదిలింది.

మర్నాడు నోటీసు చేతిలో పెట్టి మహిమను వదిలారు. సీసా మాత్రం పరీక్షకని హైదరాబాదు పోయింది. "కేసు తేలకముందే మళ్ళ రాస్తే నా లైసెన్సు పోతదమ్మా," అన్నాడు రాందాసు, మొహం చూడకుండా. ఇంకో డాక్టరు కాగితాలన్నీ తిరగేసి వారం తర్వాత రమ్మన్నాడు. నాలుగోనాటికి ఫిట్సు రోజుకు మూడు. తొమ్మిదోనాటికి లెక్క పెట్టడం మానేశారు. పదమూడోనాడు పట్టింది మళ్ళీ వదల్లేదు. దవాఖానాకు పోయే ఆటోలో పిల్ల తల విశ్రాంతమ్మ ఒడిలోనే ఉంది. ఆ తల కొట్టుకోవడం ఎక్కడ ఆగిందో ఆమెకు తెలుసు. ఆగేసరికి ఫిట్సు తగ్గిందనుకుని, దేవునికి స్తోత్రం అంది.

పిల్లను సమాధి చేసిన రెండు నెలలకు రిపోర్టు వచ్చింది. నూనెలో నేరమేమీ లేదు, ఆకుతో చేసిన మందే. సీసా తీసుకుపొమ్మని స్టేషన్ నుంచి ఫోన్. అత్తాకోడళ్ళిద్దరూ వెళ్ళారు. జైరాం కాగితాలు తిప్పుతూ మహిమను అడిగాడు. "ఆ రోజు ఎందుకు గీకినవో సక్కగ చెప్తే అక్కడికక్కడే అయిపోతుండె గదమ్మా?"

"అత్తమ్మను అడుగుండ్రి," అంది మహిమ.

విశ్రాంతమ్మ చెప్పింది. చాకుతో సహా, పొయ్యితో సహా, ఏడుస్తూ మొత్తం చెప్పింది. జైరాం చివరిదాకా విన్నాడు. రిజిస్టరు ఆమెవైపు తిప్పాడు. "గిక్కడ సంతకం పెట్టు, పెద్దమ్మా."

తిరుగుబస్సులో మహిమ వేరే సీటులో కూచుంది. విశ్రాంతమ్మ ఒడిలో సీసా. దాని మీద పోలీసులు కొత్త లేబులు అంటించారు. కేసు నంబరు, తేదీ, ఫ్లోరెన్సు పేరు, ఎర్ర ముద్ర.

పక్కనున్న ఆడమనిషి వంగి చూసింది. "ఏం నూనె పెద్దమ్మా అది?"

"గంజాయాకు నూనె," అంది విశ్రాంతమ్మ, బస్సంతా వినేటట్టు.

ఎవరూ తల తిప్పలేదు. ఆ మనిషి ఇంకాస్త దగ్గరికి జరిగింది. "అవ్, మంచిగ పనిచేస్తదంటగా? మా అత్తకు కీళ్ళనొప్పులు, రాత్రులు నిద్రే లేదు. యాడ ఇస్తరు?"

విశ్రాంతమ్మ సీసా మీది ఫ్లోరెన్సు పేరును కొంగుతో తుడిచింది. తర్వాత, డాక్టరు చెప్పింది చెప్పినట్టే, ఒక్కొక్కటే అప్పజెప్పింది. "ఊరికే ఇయ్యరు బిడ్డా. డాక్టరు చీటీ రాయాలె. మీ అత్త పేరు మీదనే కొనాలె. చీటీ, డబ్బా, సీసా మూడూ ఒక్క సంచిల పెట్టాలె. లేబులు మాత్రం గీకకు."