పెద్దకోడలు వింటోంది

కోమాలో ఉన్న మనిషికి మేకప్ వెయ్యడం అంత తేలిక కాదు. మొహం పాలిపోయినట్టుండాలి, కళ మాత్రం పోకూడదు. పెదాలు ఎండినట్టుండాలి, వాటి మీద కాస్త ఎరుపూ కనపడాలి. మేకప్ పిన్ని రోజూ మధ్యాహ్నం భోజనాలయ్యాక కుర్చీ దగ్గరికి లాక్కుని, తడి స్పాంజితో పెద్దకోడలి మొహం తుడిచి పని మొదలుపెట్టేది. చేతులు తమ పని చేస్తుంటే నోరు తన పని చేసేది.

"నిన్న ఏమన్నారే జనం?"

"చావుబతుకుల్లో ఉన్నదానికి లిప్‌స్టిక్ ఎవరు పూశారని ఒకావిడ అడిగింది పిన్నీ."

"చానెల్ వాళ్ళు పుయ్యమన్నారని చెప్పలేకపోయావా?"

"వాళ్ళ మాట నాకు వినపడుతుంది గానీ నా మాట వాళ్ళకి వినపడదుగా."

పెద్దకోడలు అన్నది సీరియల్లో ఆమె వేసే పాత్ర. ఏళ్ళ తరబడి అదే సీరియల్, అదే పాత్ర కావడంతో కూరగాయల షాపులోనూ, పళ్ళ డాక్టరు దగ్గరా, చివరికి ఇంటి ఓనరు కూడా అలాగే పిలవడం మొదలుపెట్టారు. పెళ్ళే కాని మనిషి ఊరందరికీ పెద్దకోడలైంది.

మాటలు వినపడటం సీరియల్ మొదలైన కొత్తలోనే మొదలైంది. సాయంత్రం ఏడున్నరకి అది టీవీలో వస్తున్నంతసేపూ, ఏ ఇంట్లో ఎవరు తెరకేసి చూస్తూ ఆమెతో ఏమన్నా అది ఆమె చెవిలో పడేది. గోడకి అవతల ఎవరో మాట్లాడుకుంటున్నట్టుండేది. "ఆ పాలు తాగకమ్మా, ఆ మహాతల్లి అందులో ఏదో కలిపింది" అని ఒకావిడ. "నీకు నోట్లో నాలుక లేదా తల్లీ, తిరిగి ఒక్క మాట అను" అని ఇంకొకావిడ. "నువ్వు తిన్నావా?" అని ఎవరో పసిపిల్ల. ప్రకటనలు రాగానే గొంతులన్నీ ఆగిపోయేవి.

సెట్లో అందరికీ ఈ సంగతి తెలుసు. కొందరికి చెమట ఎక్కువ పడుతుంది, కొందరికి దుమ్ము పడదు, ఈవిడకి జనం మాటలు వినపడతాయి, అంతే. డైరెక్టరైతే చానెల్ వాళ్ళు పంపే రేటింగుల కంటే ఆమెనే ఎక్కువ నమ్మేవాడు. కథ రాసే ఆయన్ని అందరూ మలుపుగారు అనేవారు. వారానికో మలుపు తిప్పకపోతే ఆయనకి తిండి సహించదు. ఆయన పొద్దున్నే ఆమె దగ్గరికొచ్చి, "నిన్నటిది పండిందా?" అని అడిగి, పండిందంటేనే టీ తాగేవాడు.

అన్ని గొంతుల్లోనూ ఒక్క గొంతు మాత్రం ఆమెని పెద్దకోడలా అనేది కాదు. "పిచ్చుకా, అలా గూని పెట్టుకుని నిలబడకే" అనేది. ఆ గొంతు వెనకాల కుట్టుమిషను చప్పుడు ఆగి ఆగి వినపడేది. అది అక్క.

ఆమెని పెంచింది అక్కే. అమ్మ పోయేనాటికి పిచ్చుకకి ఇంకా సరిగ్గా మాటలు రాలేదు. అక్క ఇళ్ళకీ హోటళ్ళకీ కర్టెన్లు కుట్టి చదువు చెప్పించింది. నటిస్తానంటే అడ్డు చెప్పలేదు. "ఏడుపు నీకు చిన్నప్పట్నుంచీ వచ్చినదే, వెళ్ళు" అంది. చెవిలో మాటలు పడుతున్నాయని మొదట చెప్పింది కూడా అక్కకే. "మంచిదే, నీ వెనక ఏమనుకుంటున్నారో నీకు తెలుస్తుంది" అంది అక్క, సూదిలోకి దారం ఎక్కిస్తూ.

అక్క భర్త ఒక ఆదివారం పొద్దున్న చెప్పులేసుకుని, పేపరు కొనుక్కొస్తానని వెళ్ళి మరి రాలేదు. బూట్లు ఇంట్లోనే ఉండిపోయాయి. అక్క ఏడవలేదు, వెతకమని ఎవర్నీ అడగలేదు. ప్రతి ఆదివారం ఆ బూట్లకి పాలిష్ పెట్టి మళ్ళీ గుమ్మం పక్కన అదే చోట పెట్టేది. అది ఎందుకో పిచ్చుకకి ఒక్కదానికే తెలుసు. ఆయన వస్తాడన్న ఆశతో కాదు. వస్తే, నీ బూట్లు నీకంటే శుభ్రంగా ఉన్నాయి, తీసుకుపో అని చెప్పి తలుపు వేసుకోవడానికి.

ఒకరోజు టీ తాగుతూ మాటల్లో మాటగా పిచ్చుక ఈ సంగతి మలుపుగారితో అనేసింది. ఆయన చేతిలో కప్పు కింద పెట్టేశాడు. నెల తిరక్కుండానే సీరియల్లో పెద్దకోడలి భర్త ఇల్లొదిలి వెళ్ళిపోయాడు, పెద్దకోడలు బూట్లకి పాలిష్ పెట్టడం మొదలుపెట్టింది. ఆ సీన్లో ఎలా చెయ్యాలో ఎవరూ నేర్పక్కర్లేకపోయింది. అక్క గుడ్డని వేలికి చుట్టుకునే తీరు, బూటుని వెలుతురుకి ఎత్తి చూసే తీరు, అన్నీ ఆమె చేతులకి వాటంతట అవే వచ్చేశాయి. అది టీవీలో వచ్చిన సాయంత్రం ఎన్నో ఇళ్ళలోంచి వెక్కిళ్ళు వినపడ్డాయి. కుట్టుమిషను చప్పుడు మాత్రం ఆగిపోయింది.

మర్నాడు అక్క ఫోన్ చేసింది.

"వీధిలో పోయేవాళ్ళు నా గుమ్మంకేసి చూసి నవ్వుకుంటూ పోతున్నారు. ఆ బూట్ల సంగతి నాది. నీకెప్పుడిచ్చాను?"

"అక్కా, నేను కావాలని…"

"నీతో ఇక మాట్లాడను," అని అక్క ఫోన్ పెట్టేసింది.

అన్న మాట మీద నిలబడే మనిషి. పిచ్చుక వెళ్తే తలుపు తియ్యలేదు, ఫోన్లో ఆమె నంబరు కనపడితే ఎత్తలేదు. అయితే కొన్నాళ్ళకి ఓ సాయంత్రం మిషను చప్పుడు మళ్ళీ చెవిలో పడింది. దాని మీంచి అక్క గొంతు: "ఆ రంగు నీకు నప్పలేదు పిచ్చుకా." అప్పుడు తీస్తున్నది మామగారు పోయిన సీను. శవం పక్కన కూర్చుని ఏడవాల్సిన పెద్దకోడలు పకాల్న నవ్వేసింది. డైరెక్టరు విసుక్కోకుండా మళ్ళీ తీశాడు.

మాట్లాడనంది గానీ, వినపడనని అక్క అనలేదు. ఏళ్ళు అలాగే గడిచిపోయాయి. రోజూ గొంతు వినపడుతూనే ఉంది కదా అన్న ధీమాతో పిచ్చుక ఆ తలుపు తట్టడం మానేసింది.

ఇంతలో చానెల్‌కి కొత్త పెద్దాయన వచ్చాడు. పెద్దకోడలు పాతబడిపోయింది, తీసేద్దాం అన్నాడు. మలుపుగారు ఎలాగో బతిమాలి, ఆమెని చంపకుండా మెట్ల మీంచి దొర్లించి కోమాలో పడేశాడు. జనం కావాలంటే లేపుదాం, వద్దంటే అప్పుడే చూద్దాం అనుకున్నారు.

జనం కావాలన్నారు. అంతకంటే విచిత్రం, కళ్ళు మూసుకుని పడుకున్న మనిషి కనపడేసరికి అందరూ తమ గోడు వెళ్ళబోసుకోవడం మొదలుపెట్టారు. ఒకాయన, "మా ఆవిడ వంటింట్లో ఉంది కాబట్టి చెప్తున్నా, ఆఫీసులో నన్ను తీసేసి వారమైంది. రోజూ పార్కులో కూర్చుని వస్తున్నా" అన్నాడు. కాసేపటికి ఆవిడే వచ్చి, "ఈయన పార్కులో కూర్చుంటున్నాడని నాకు తెలుసు, తెలుసని ఎలా చెప్పను తల్లీ" అంది. పెద్దకోడలు ముక్కుకి గొట్టం, తలకి కట్టుతో పడుకుని అవన్నీ వినేది. చుట్టూ లైట్లు మార్చేవాళ్ళు మారుస్తూ ఉండేవారు.

ఆమెని లేపాలని నిర్ణయించిన రోజు సెట్లో కుర్చీలు చాల్లేదు. కొత్త పెద్దాయన స్వయంగా వచ్చి, డైరెక్టరు పక్కన కూర్చున్నాడు. ముందు చూపుడు వేలు కదలాలి, తర్వాత కనురెప్ప, ఆ తర్వాత ఒక్క కన్నీటి బొట్టు. లైట్లు సర్దేసరికి ఏడున్నర అయింది. ఇళ్ళలో సీరియల్ మొదలైంది. గొంతులూ మొదలయ్యాయి. వాటి మధ్యలోంచి అక్క గొంతు వచ్చింది. వెనకాల మిషను చప్పుడు లేదు.

"పిచ్చుకా, ఎలాగూ పడుకునే ఉన్నావు కాబట్టి చెప్తున్నా. నా కడుపులో గడ్డ ఉందిట. తీసేస్తే భయం లేదన్నారు. రేపు పొద్దున్నే వచ్చి చేరమన్నారు. నీ వెంట ఎవరొస్తారమ్మా అని అడిగింది నర్సు. ఆపరేషన్ గది బయట ఒక మనిషి కూర్చోవాలిట. ఆ ఒక్క కుర్చీ కోసం నేను ఎవర్ని దేబిరించను? ఈ సీరియల్ అయిపోగానే ఫోన్ చేసి రానని చెప్పేస్తా. కుట్టాల్సిన కర్టెన్లు కూడా చాలా ఉన్నాయి."

"యాక్షన్," అన్నాడు డైరెక్టరు.

పెద్దకోడలు వేలు కదపలేదు. తిన్నగా లేచి కూర్చుని ముక్కుకున్న గొట్టం పీకేసింది.

"అలా కాదమ్మా. ముందు వేలు."

"మా అక్కకి ఒంట్లో బాలేదు. నేను వెళ్ళాలి."

"ఎవరు చెప్పారు?"

"తనే. ఇప్పుడే."

డైరెక్టరు గోడ గడియారంకేసి చూసి చేతిలో కాగితాలు పక్కన పెట్టేశాడు. కొత్త పెద్దాయన మాత్రం గొంతు పెంచకుండా అన్నాడు: "ఒక్క షాటు. ఇచ్చి వెళ్ళండి. ఇవ్వకుండా వెళ్తే మళ్ళీ రానక్కర్లేదు."

ఆమె మంచం దిగబోతూ ఆగింది. ఎన్నేళ్ళ పని. కిందకి చూస్తే కాళ్ళ దగ్గర చెప్పులున్నాయి. మేకప్ పిన్ని ఎప్పుడు తెచ్చిందో, అవి తొడుక్కోవడానికి వీలుగా తిప్పి పెట్టి ఉన్నాయి.

"కట్టు విప్పుతా ఉండు," అంది పిన్ని.

"టైం లేదు పిన్నీ."

టాక్సీ డ్రైవరు అద్దంలోంచి చూసి, "లేచారా అమ్మా? ఇంట్లో మావాళ్ళు మీరింకా పడుకునే ఉన్నారనుకుంటున్నారు," అన్నాడు. ఆసుపత్రి బట్టల్లో ఉన్న మనిషిని చూసి మరేమీ అడగకుండా సందులన్నీ దూరి తీసుకెళ్ళాడు. దారి పొడుగునా కిటికీల్లో టీవీలు వెలుగుతున్నాయి. ప్రతి తెర మీదా ఆమె కళ్ళు మూసుకుని పడుకుని ఉంది. టాక్సీ దాటిన ప్రతి ఇంటిలోంచీ ఎవరో ఆమెని లెమ్మంటున్నారు.

అక్క ఇంటి తలుపు తడితే లోపల్నుంచి చప్పుడు లేదు. మళ్ళీ తట్టింది.

"అక్కా, నేనే. ప్రకటనలొస్తున్నాయిగా, తియ్యి."

తలుపు తెరుచుకుంది. అక్క చాలా చిక్కిపోయింది. మెడలో టేపు, చేతిలో ఫోన్. గుమ్మంలో తలకి కట్టుతో నిలబడ్డ చెల్లెల్ని ఓసారి చూసింది. వెనక్కి తిరిగి, అప్పుడే ప్రకటనలు అయిపోయిన టీవీలో తలకి కట్టుతో పడుకున్న చెల్లెల్ని ఓసారి చూసింది.

"లేచావా," అంది.

"లేచాను."

"అక్కడ ఇంకా లేవలేదే."

"అక్కడ ఇక లేవనులే. ఆసుపత్రికి ఫోన్ చేసేశావా?"

"సీరియల్ అవ్వలేదుగా." అక్క పక్కకి తప్పుకుని దారిచ్చింది.

ఇద్దరూ బల్ల మీద కూర్చున్నారు, మధ్యలో సగం కుట్టిన కర్టెను. సీరియల్ అయిపోయింది. అక్క ఫోన్ తియ్యలేదు.

"నాకు వినపడుతుందని తెలిసే చెప్పావా అక్కా?"

"నేను టీవీకి చెప్పుకున్నాను. నీ చెవులు నీ ఇష్టం." అక్క కర్టెను మడత పెడుతూ అడిగింది, "రేపు నువ్వు కూర్చుంటావా?"

"కూర్చుంటాను."

"ఎంతసేపైనా?"

"పడుకోవడానికే ఇన్నాళ్ళు షూటింగుకి వెళ్ళాను, కూర్చోలేనా?"

అక్క నవ్వబోయి కడుపు పట్టుకుంది. తర్వాత ఇద్దరూ కలిసి సంచి సర్దారు.

మర్నాడు ఆపరేషన్ గది బయట పిచ్చుక మధ్యాహ్నం దాకా కూర్చుంది. డాక్టరు బయటికొచ్చి, గడ్డ మొత్తం వచ్చేసిందనీ, ఇంకొన్నాళ్ళు ఆగుంటే ఎవరి చేతుల్లోనూ ఉండేది కాదనీ చెప్పి, ఆమెకేసి అనుమానంగా చూసి, "మీ తల ఇప్పుడెలా ఉంది?" అని అడిగి వెళ్ళాడు.

పెద్దకోడలి ఫోన్ ఆ వారం మోగలేదు. చానెల్ వాళ్ళు ఆమె పాత్రకి మొహమంతా కట్లు కట్టించారు. పడినప్పుడు మొహం దెబ్బతిందనీ, పెద్ద డాక్టరు బాగుచేస్తున్నాడనీ కథ. అది మలుపుగారి చలవే. ఆయన ఆసుపత్రికి వచ్చి, "నిన్ను ఉంచడానికి నాకు ఇంకో దారి దొరకలేదమ్మా" అని పిచ్చుకతో అని, అక్క మంచం పక్కన పళ్ళు పెట్టి, అక్క మొహంలోకి చూడలేక వెళ్ళిపోయాడు. "ఈయనేనా?" అంది అక్క. "ఈయనే." "మనిషి చూడటానికి బాగానే ఉన్నాడు," అని అక్క ఒక పండు తీసుకుంది.

అక్క లేచి నాలుగడుగులు వెయ్యగలిగిన రోజున కట్లు విప్పే ఎపిసోడ్ వచ్చింది. వార్డులో మంచాలన్నీ టీవీకేసి తిరిగాయి. నర్సు కూడా మందుల ట్రే పట్టుకుని నిలబడిపోయింది. పిచ్చుక అలవాటు కొద్దీ చెవి ఒగ్గి చూసింది. ఏడున్నర దాటింది. ఊళ్ళోంచి ఒక్క గొంతూ రాలేదు.

తెర మీద చివరి చుట్టు ఊడింది. కట్టు కింద ఎవరో కొత్తమ్మాయి, నున్నటి బుగ్గలు, పెద్ద కళ్ళు. ఆ ఇంటివాళ్ళందరూ ఆ అమ్మాయిని పెద్దకోడలా అని కావలించుకున్నారు.

వార్డు మొత్తం మెల్లగా ఇటు తిరిగింది. నర్సు తెరకేసీ ఆమెకేసీ మార్చి మార్చి చూసింది.

"ఆవిడ పెద్దకోడలైతే, మరి మీరెవరండీ?"

"ఈవిడ చెల్లెల్ని," అంది ఆమె.

నర్సు తలూపి, అక్క చేతిలో మాత్రలు పెట్టి, తర్వాతి మంచం దగ్గరికి వెళ్ళిపోయింది.