ఎముక గృహప్రవేశం

కోటిలింగం తలకు కుడివైపు అరచెయ్యంత మేర ఎముక లేదు. అది అతని పొట్టలో ఉంది. హనుమాన్ జంక్షన్ దగ్గర బండి మీద నుంచి పడ్డప్పుడు మెదడు వాచింది. విజయవాడలో డాక్టరు ఆ ముక్క కోసి తీసి, చెడిపోకుండా పొట్ట చర్మం కింద దాచాడు. మూడు నెలలకు వస్తే తిరిగి తలకు బిగిస్తానన్నాడు.

అందాకా మగ్గం లేదు. నేసిన బట్ట చుట్టుకునే కర్ర సరిగ్గా ఆ ఎముక మీదే ఒత్తుతుంది. నేత తప్ప కోటిలింగానికి మరో పని రాదు.

మూడు నెలలు కాగానే భార్య రేణుక సంచి సర్దింది. కోటిలింగం అన్న రామకోటేశ్వరరావు వచ్చి కుర్చీలో కూర్చున్నాడు. ఆయనకు బట్టల షాపుంది, చంకలో పంచాంగముంది.

"ఇప్పుడు మూఢం కదమ్మా."

"ఆపరేషన్‌కి మూఢమేంటి బావగారూ?"

"ఎముక తన ఇంటికి తను వెళ్తోంది. అంటే గృహప్రవేశం. మూఢంలో చేస్తామా?"

"బయటికొచ్చింది అమావాస్య నాడండీ. అప్పుడు పంచాంగం తియ్యలేదే?"

"అది ప్రమాదం. ఇది శుభకార్యం."

అన్నయ్య మాటకు కోటిలింగం తలూపాడు. రేణుక సంచి విప్పింది.

మూఢం పోయేసరికి ఆషాఢం వచ్చింది. శ్రావణంలో షాపు నిండా పెళ్లి బేరాలు. తను లేకుండా ఆపరేషనేమిటన్నాడు ఆయన. ఈలోగా వచ్చినవాళ్లకల్లా తమ్ముడి చొక్కా ఎత్తి చూపించేవాడు. "నొక్కండి, పర్లేదు. మావాడి బుర్ర!" నవ్వేవాడు. నవ్వేది ఆయనొక్కడే.

భాద్రపదంలో రేణుక ఎవరికీ చెప్పకుండా మొగుణ్ణి బస్సెక్కించింది. డాక్టరు స్కాన్ చూశాడు. దాచిన ఎముక అంచులు కరిగిపోయాయి, ఇక కన్నానికి సరిపోదన్నాడు. దాన్ని తీసేసి తలకు టైటానియం రేకు వెయ్యాలి.

"ఇన్నాళ్లు ఏం చేశారమ్మా?"

"గృహప్రవేశానికి ముహూర్తం కుదరలేదండీ," అంది రేణుక.

కోటిలింగం బయటికెళ్లి అన్నకు ఫోన్‌లో అంతా చెప్పేశాడు. వెంటనే రేణుకకు బావగారి ఫోను. "శూన్యమాసంలో బయల్దేరారా? రేకు వెయ్యడమంటే ఇంటికి కప్పు వెయ్యడమే. ఈ నెల్లో ఎవడైనా కప్పేస్తాడా?"

"మీ తమ్ముడికి మూతొక్కటే పోయింది బావగారూ. సరుకు లోపలే ఉంది. మీకు మూత మాత్రం గట్టిగా ఉంది."

ఫోను కట్టేసి, కాగితాల మీద సంతకం పెట్టింది. నర్సు తల గొరగడానికి వచ్చింది.

"రేపేనని అన్నయ్యకు చెప్పావా?" అన్నాడు కోటిలింగం.

"మంచిరోజు చూసి చెబుతా," అంది రేణుక.