రెండూళ్ల డాక్టరు

కాలు చచ్చుబడిన ఏడాది బిడ్డ ఫిన్నీని చంకనేసుకుని క్రిస్టినా బాపట్లలో కోర్టు గుమాస్తా ముందు నిలబడింది. ఆదివారాలు రేపల్లె వచ్చి వైద్యం చేసే తెనాలి డాక్టరు సూది వేశాకే అలా అయింది. ఆయన రాసిచ్చిన మందుల చీటీ మాత్రం తెనాలి ఆసుపత్రిది.

"చీటీ మీద తెనాలి ఉందిగా, అక్కడికెళ్లమ్మా."

"వెళ్లొచ్చానండి. సూది వేసిన రేపల్లె బాపట్ల జిల్లా కిందికొస్తుందని ఇక్కడికి పొమ్మన్నారు. ఆయన వైద్యానికి రెండూళ్లు, నా బిడ్డ ఫిర్యాదుకి ఒక్కటీ లేదేంటి?"

గుమాస్తా టీ జుర్రుకున్నాడు.

"పోనీ, మాది కాదని రాసి సంతకం పెట్టివ్వండి బాబాయ్."

సంతకమనగానే అతను గ్లాసు దించాడు. గొణుగుతూనే ఫిర్యాదు తీసుకుని ముద్ర గుద్దాడు.

ఇంతసేపూ చేతికందేంత దూరంలోనే ఉందా ముద్ర! క్రిస్టినా రశీదు అందుకుంది గాని, అతనికి దండం పెట్టబుద్ధి కాలేదు.