చలపతిరావు గారి రూటరు

ఝాన్సీలక్ష్మి బొమ్మిడాయి చేపలను బూడిదతో రుద్దుతుండగా, బందరు శివార్లలోని ఇంజనీరింగు కాలేజీలో ల్యాబు ప్రోగ్రామరు పదవిని అలంకరించిన ఆమె పతిదేవుడు చలపతిరావు గారు వంటింటి గడప దాకా విచ్చేశారు.

"నీ రూటరు సీడీలోకెక్కించా. ఇవాళ ప్రిన్సిపాల్ గారికి చూపిస్తున్నా."

"నన్నూ తీసుకెళ్లండి. ఇంకో ప్రోగ్రామరు కావాలంటున్నారుగా, నేనే చూపిస్తాను."

"ఈ నీచు కంపుతోనా? అమ్మకి అన్నం ఎవరు పెడతారు?" అని సెలవిచ్చి బయల్దేరారు.

రూటరంటే కంప్యూటర్ల మధ్య కబుర్లకు దారి చూపే యంత్రం. అసలుది కొనే యోగం కాలేజీకి లేదు కనుక, అత్తగారు కునుకు తీసే మధ్యాహ్నాలు మూడు వారాలు వెచ్చించి, ఇంట్లోని కంప్యూటరులోనే దాని మాయారూపాన్ని నిలబెట్టింది ఝాన్సీలక్ష్మి. ఆ మాయారూటరుకొక మహత్తర లక్షణం: పనేమీ లేకపోయినా కంప్యూటరు సత్తువంతా తానే మింగుతుంది. ఆ ఇంట అటువంటి లక్షణం కొత్త కాదు గనుక ఆమె కంగారుపడలేదు. ఖాళీగా ఉన్నప్పుడు పడుకోమని దానికి చెప్పే అంకెను వెతికి పట్టి, ప్రోగ్రాములో ఆ అంకె ఉన్న వరుస చివరనే తన పేరు రాసుకుంది. పెళ్లయిన ఆరేళ్లలో ఆమె పేరు పడిన చోటు అదొక్కటే. "బీటెక్ చదివిందండీ, అయినా పులుసు బాగానే పెడుతుంది," అని అత్తగారు అనసూయమ్మ లోకానికి చేసే పరిచయంలోనూ పేరుండదు.

పదకొండింటికి ఫోను మోగింది.

"ఏం తగలబెట్టావే? ముప్ఫై సిస్టమ్సూ బిగుసుకుపోయాయి!"

"నా పేరున్న వరుస తీసేశారా?"

"తియ్యక? అందరూ చూస్తే నా పరువేం కాను?"

పేరు తుడిచిన చేత్తోనే అంకెనూ తుడిచారన్నమాట. ఆమెకా అంకె కంఠస్థం. చెప్పబోయింది. ఇంతలో ఆయన ఫోనును చేత్తో మూసీ మూయక, "మా ఆవిడ వేలు పెట్టింది సార్, అందుకే పాడైంది. ఆడవాళ్ల ఉబలాటం!" అనడమూ, పెద్దమనుషులెవరో నవ్వడమూ వినిపించాయి. ఈ విధంగా ఝాన్సీలక్ష్మి కర్తృత్వం ఆ విద్యాలయంలో సభాముఖంగా అంగీకరింపబడింది.

"ఫోను ప్రిన్సిపాల్ గారికివ్వండి," అందామె. చలపతిరావు గారు పెట్టేశారు.

ఆమె చేతులు మాత్రం కడుక్కుంది. చీర మార్చలేదు.

"ఎక్కడికే? వాడి క్యారేజీ కట్టావా?" అంది అనసూయమ్మ.

"కాలేజీకే, అత్తయ్యా. ప్రిన్సిపాల్ గారితో పనుంది. మీ అబ్బాయికి ఇవాళ ఆకలి వెయ్యదులెండి."