చేతికివ్వని ఉప్పు

రాయబారిని తీసుకెళ్తున్న అంబులెన్స్ ఇంకా మలుపు తిరగలేదు. ఇన్‌స్పెక్టర్ హార్పర్ అప్పుడే వచ్చి వంటగది గుమ్మానికి అడ్డంగా నిలబడింది.

"ఎవరూ బయటికి వెళ్లొద్దు. ముఖ్యంగా మీరు," అంది విఠల్ వైపు చూస్తూ.

విఠల్ చేతిలో గరిటె చేతిలోనే ఉండిపోయింది. వెల్లింగ్టన్ హార్బర్ మీంచి వచ్చే గాలి కిటికీ అద్దాలను బాదుతోంది. పక్క హాల్లో రాయబారి రెజెక్ కుప్పకూలిన చోట అతని కళ్లజోడు ఇంకా కార్పెట్ మీదే పడి ఉంది.

వల్దోరా, ఎస్మార్క్ యూరప్‌లో పక్కపక్క దేశాలు. సరిహద్దు గొడవలో పట్టుబడ్డ ఖైదీలను రెండు వైపులా విడిచిపెట్టేందుకు ఆ మధ్యాహ్నమే సంతకాలు జరగాలి. ఎస్మార్క్‌లో వల్దోరా రాయబారి రెజెక్. వల్దోరాలో ఎస్మార్క్ రాయబారి క్లారా లిండ్. విలేఖరుల కళ్లు పడని చోటు కావాలని ఇద్దరూ ఇంత దూరం వచ్చారు. న్యూజిలాండ్ ప్రభుత్వం తరఫున వాళ్ల ఏర్పాట్లు చూస్తున్న అధికారి అభినయ్. వంటకు విఠల్‌ను పిలిపించింది కూడా అతనే.

హార్పర్ ఫోన్ మోగింది. విని జేబులో పెట్టుకుంది.

"అంబులెన్స్‌లో డాక్టర్ చూశారు. విషమేనట. ప్రాణం మీద ఆశ పెట్టుకోవద్దంటున్నారు. ఆయన ఏం తిన్నాడు?"

"రొట్టె, ఉప్పు. అంతే," అంది క్లారా. ఆమె పెదవులు పాలిపోయాయి. "సంతకానికి ముందు కలిసి తినడం మా రెండు దేశాల ఆచారం. రొట్టె నేనూ తిన్నాను. ఉప్పు అద్దుకున్నది మాత్రం ఆయనొక్కడే. నేను చెయ్యి చాపేలోపే పడిపోయాడు."

అందరి చూపులూ బల్ల మీదున్న చిన్న వెండి డబ్బా మీద పడ్డాయి.

"ఆ డబ్బా నేనే ఖాళీగా తెచ్చాను," అన్నాడు రెజెక్ కార్యదర్శి మార్కో, కళ్లు తుడుచుకుంటూ. "ఉప్పు అడిగితే ఈ వంటాయనే నింపి ఇచ్చాడు."

హార్పర్ సైగ చేసింది. కానిస్టేబుల్ బేడీలు తీశాడు.

"ఒక్క నిమిషం," అంటూ అభినయ్ అడ్డం వచ్చాడు. విఠల్ వైపు తిరిగి గొంతు తగ్గించాడు. "అన్నా, నిజం చెప్పు. ఉప్పు నువ్వే ఇచ్చినవా?"

"ఇచ్చిన తమ్మీ."

"ఎట్ల ఇచ్చినవ్?"

విఠల్ తల దించుకున్నాడు.

"నోరు తెరువన్నా! నిన్ను జైలుకు పట్కపోతున్నరు. శ్రీవల్లి వదినకు నేనేం చెప్పాలె?"

"నవ్వుతరు తమ్మీ," అన్నాడు విఠల్. "ఆయన డబ్బా పట్టుకొని చెయ్యి చాపిండు. నేను చేతికియ్యలే. గిన్నె గట్టు మీద పెట్టి, మీరే తీస్కోండ్రి అన్న. ఆయన మొఖం మాడ్చుకున్నడు, నేను పొయ్యి దిక్కు మళ్లిన. ఉప్పు చేతికిస్తే కొట్లాటైతది గదా! వాళ్లు దోస్తీ కలుపుకునే రోజాయె. నా చేతుల మీదికెల్లి పంచాయితీ ఎందుకని..."

అభినయ్‌కి అర్థమైంది. వరంగల్‌లో తన తల్లి కూడా అంతే. ఉప్పు గిన్నె కింద పెట్టేదాకా ముట్టేది కాదు.

"ఇంగ్లిష్‌లో మాట్లాడండి," అంది హార్పర్ కటువుగా.

అభినయ్ మార్కో దగ్గరికి నడిచాడు. "ఉప్పు మీకెలా ఇచ్చాడో ఒకసారి చూపిస్తారా?"

మార్కో అరచెయ్యి చాపాడు. "ఇలా. డబ్బా నా దగ్గర తీసుకుని, ఆ స్టీలు గిన్నెలోంచి నింపి, నా చేతిలో పెట్టాడు. రెండు చేతులతో, ఎంతో మర్యాదగా."

"మా ఇళ్లలో ఉప్పు ఎవరి చేతికీ ఇవ్వరు," అన్నాడు అభినయ్. "ఇస్తే గొడవలొస్తాయని నమ్మకం."

"మా అత్తగారికి నేను ఇన్నాళ్లూ చేతికే ఇచ్చాను," అంది హార్పర్. "నమ్మకాల మీద కేసు నడవదు మిస్టర్ అభినయ్."

"నమ్మకం వదిలేయండి. పసుపు చూడండి."

"పసుపా?"

"పొద్దుట్నించీ చికెన్‌కు పసుపు, కారం పట్టిస్తున్నాడు. ఫ్రిజ్ తలుపు చూడండి. కుళాయి చూడండి. ఈ ఉప్పు గిన్నె అంచు మీద అతని బొటనవేలు ఎంత పచ్చగా పడిందో చూడండి. ఇప్పుడు ఆ వెండి డబ్బా చూడండి."

హార్పర్ గ్లవ్ తొడుక్కుని డబ్బాను కిటికీ దగ్గరికి తీసుకెళ్లింది. నాలుగు వైపులా తిప్పింది. ఎక్కడా చిన్న మరక లేదు.

"చేతులు కడుక్కుని ఉంటాడు!" మార్కో గొంతు కీచుమంది.

"కడుక్కుంటే గిన్నెకు పసుపెలా అంటింది?" అభినయ్ గిన్నెను వేలితో చూపించాడు. "ఉప్పు అంచుదాకా ఉంది. పైన గరిటెతో సర్దిన గీత అలాగే ఉంది. ఇందులోంచి చిటికెడు కూడా ఎవరూ తియ్యలేదు. మీరు ఉప్పు అడిగింది నింపుకోవడానికి కాదు, నేరం ఇతని మీదికి నెట్టడానికి. మరి డబ్బాలోకి ఉప్పు ఎక్కణ్ణుంచి వచ్చింది?"

మార్కో వెనక్కి ఒక అడుగు వేశాడు. కానిస్టేబుల్ తలుపు మూశాడు.

క్లారా కుర్చీ పట్టుకుని మెల్లగా లేచింది. "మీ జైల్లోంచి రేపు బయటికొచ్చే మావాళ్లలో ఒకడు నీ తమ్ముణ్ణి కాల్చినవాడు కదూ? సంతకం పెట్టొద్దని నువ్వు ఆయన కాళ్లు పట్టుకున్నావట. నిన్న రెజెక్ నాతో చెప్పి కన్నీళ్లు పెట్టుకున్నాడు."

"ఆయన కన్నీళ్లు నా తమ్ముణ్ణి తెస్తాయా?" అని అరిచాడు మార్కో.

హార్పర్ విఠల్‌ను దాటి ముందుకొచ్చింది. "మేడమ్, అందరూ వినేలా చెప్పండి. మీ ఎదుట ఉప్పు డబ్బా తెచ్చి రెజెక్ ముందు పెట్టిందెవరు? ఆయనకు విషం పెట్టిందెవరు?"

క్లారా వేలెత్తి చూపించింది.

"మార్కో," అంది. "మార్కో దువెన్."